సర్వరుకు మధ్యాహ్నపు జ్వరం

సోమవారం ఉదయం తొమ్మిదిన్నరకు రక్తపరీక్షల ల్యాబ్‌లో సర్వరు ఆగిపోయింది. ఆగిపోయిన సంగతి ల్యాబ్‌లో పనిచేసే పద్నాలుగు మందిలో ఒక్కరికీ తెలియదు. మొదట కనిపెట్టింది ఒక పెద్దాయన. శనివారం ఇచ్చిన రక్తం తాలూకు రిపోర్టు కోసం ఫోనులో ఎన్నిసార్లు నొక్కినా తెల్ల తెర తప్ప ఏమీ రాకపోవడంతో ఆయన కర్ర ఊతగా పట్టుకుని కౌంటరు దగ్గరకు వచ్చాడు.

"అమ్మా, మీ కంప్యూటరు స్పృహ తప్పినట్టుంది" అన్నాడు.

రిసెప్షనిస్టు నవ్వి, "అలా ఏం ఉండదు తాతగారూ, సిగ్నలు లేదేమో" అంటూ తన కంప్యూటరులో నొక్కి చూసింది. తెల్ల తెర. ఆమె నవ్వు అక్కడే ఆగిపోయింది. ఆ తర్వాత పది నిమిషాల్లో ల్యాబ్ ల్యాబంతా ఆగింది. రక్తం తీసిన గొట్టాల మీద అంటించే స్టిక్కర్లన్నీ సర్వరు నుంచే రావాలి. స్టిక్కరు లేని రక్తం ఎవరిదో ఆ దేవుడికి కూడా తెలియదు. నిన్న రాత్రి నుంచి ఏమీ తినకుండా వచ్చిన అరవై మంది హాల్లో కూర్చుని, ఆకలితో పాటు కోపం కూడా పెంచుకోసాగారు.

అప్పుడు అందరూ పెట్టిన ఒకే ఒక్క కేక, "వైరమ్మను పిలవండి!"

వైరమ్మ అంటే ఎవరితోనో వైరం పెట్టుకున్న మనిషి కాదు. ల్యాబ్‌లో కంప్యూటర్లూ ప్రింటర్లూ చూసుకునే నలభై రెండేళ్ళ ఆవిడ. ఎప్పుడు చూసినా భుజాన ఒక వైరు చుట్ట వేలాడుతూ ఉంటుంది కాబట్టి ఎవరో ఆ పేరు పెట్టారు. అసలు పేరు జీతం కాగితాల్లో తప్ప ఇంకెక్కడా మిగల్లేదు.

వైరమ్మ వచ్చి, సర్వరు గదిలో నేల మీద చతికిలబడి, గంటన్నర కుస్తీ పట్టి దాన్ని లేపింది. జరిగింది చిన్న విషయమే. సర్వరు తాను చేసిన ప్రతి పనినీ ఒక చిట్టాలో రాసుకుంటూ ఉంటుంది. మూడేళ్ళుగా ఎవరూ తుడవని ఆ చిట్టా ఉబ్బిపోయి, డిస్కునంతా మింగేసి, ఇక ఒక్క అక్షరం రాయడానికి కూడా చోటు లేక నోరు మూసుకుంది.

పదకొండున్నరకు డాక్టరమ్మ పిలిచింది. ల్యాబ్ ఆవిడదే. అరవై ఏళ్ళుంటాయి, మనిషి పిడికెడు, మాట మాత్రం ఆసుపత్రి సూదిలా సూటిగా దిగుతుంది. మైక్రోస్కోపు మీద నుంచి కన్ను తీయకుండానే అడిగింది.

"ఎందుకాగింది?"

"డిస్కు నిండిపోయింది మేడమ్."

"ఎప్పుడు నిండింది?"

"మూడేళ్ళుగా నిండుతూనే ఉంది మేడమ్."

డాక్టరమ్మ కన్ను తీసింది. "మూడేళ్ళుగా నిండుతున్నది మనకు ఈ రోజు తెలిసిందా? అదీ ఒక పేషెంటు చెబితే? మనం చేసే పనేంటమ్మా? ఒంట్లో ఏం జరుగుతోందో ముంచుకురాకముందే మనిషికి చెప్పడం. మన సర్వరు సంగతి మాత్రం బయటివాళ్ళు వచ్చి మనకు చెప్పాలి!"

వైరమ్మ తల దించుకుంది.

"శుక్రవారానికల్లా అది పడిపోకముందే మనకు చెప్పేలా చెయ్" అని డాక్టరమ్మ మళ్ళీ మైక్రోస్కోపులోకి వెళ్ళిపోయింది.

మంగళవారం పొద్దున్నే వైరమ్మ పని మొదలుపెట్టింది. సర్వరులో ఒక చిన్న ప్రోగ్రాము వేసింది. డిస్కు ఎంత నిండిందో, మెమొరీ ఎంత వాడుతోందో, ప్రాసెసరు ఎంత శ్రమపడుతోందో, లోపల ఎంత వేడిగా ఉందో అది కొలుస్తూ ఉంటుంది. అయితే కొలిచే ప్రోగ్రామొక్కటే సరిపోదని ఆమెకు తెలుసు. సర్వరే పడిపోతే, పడిపోయానని చెప్పడానికి అది లేచి కూర్చోదు కదా. అందుకని స్టోరు గదిలో మూలుగుతున్న పాత కంప్యూటరొకటి తెచ్చి, దుమ్ము దులిపి, రిసెప్షనిస్టు బల్ల కింద పెట్టింది. దాని పని ఒక్కటే. నిమిషానికోసారి సర్వరును "ఎలా ఉన్నావ్?" అని అడగాలి. జవాబు రాకపోయినా, వచ్చిన జవాబు బాగాలేకపోయినా వైరమ్మ ఫోనుకు కబురు పెట్టాలి.

ఎలాంటి జవాబు బాగాలేనట్టు? ఆ ప్రోగ్రాముతో పాటే ముప్ఫై ఎనిమిది అలారాల జాబితా వచ్చింది. ఒక్కోదాని పక్కన ఒక్కో గడి. టిక్కు పెడితే చాలు. దేన్ని వదిలేస్తే ఏ కొంప మునుగుతుందోనని వైరమ్మ ముప్ఫై ఎనిమిదికీ టిక్కు పెట్టేసింది. ఎక్కడున్నా వినపడాలని ఓడ కూతలాంటి మోతను ఎంచుకుంది.

ఆ సాయంత్రం ఆరున్నరకు ఆమె ఇంటికెళ్ళి చెప్పులు విప్పుతుండగా సంచిలోంచి మొదటి ఓడ కూసింది.

వంటింట్లో కూరగాయలు తరుగుతున్న అత్తగారు కత్తిపీట వదిలేసి పరుగున వచ్చింది. ఆవిడ ముప్ఫై నాలుగేళ్ళు పెద్దాసుపత్రిలో నర్సు. అందులో చివరి పన్నెండేళ్ళు ఒక వార్డు మొత్తానికి హెడ్ నర్సు. రిటైరై ఆరేళ్ళయినా ఎక్కడ ఏది మోగినా ఆవిడ కాళ్ళు ముందు కదులుతాయి, బుర్ర తర్వాత. కోడలి చేతిలోంచి ఫోను తీసుకుని, కళ్ళజోడు పైకి నెట్టుకుని చదివింది.

"ప్రాసెసరు, యాభై రెండు శాతం. పెరిగిందా, తగ్గిందా?"

"పెరిగిందత్తయ్యా."

"ఎంతుండాలి?"

"ఎంతైనా ఉండొచ్చత్తయ్యా."

"మరి మోగడం దేనికి?"

"యాభై దాటితే మోగమన్నాను."

"యాభయ్యే ఎందుకు?"

"యాభై అంటే... సగం కదా."

అత్తగారు ఇంకేదో అడగబోయింది. ఇంతలో రెండో ఓడ కూసింది. "మెమొరీ డెబ్భై శాతమట. ఎవరిది?"

"నాది కాదత్తయ్యా, సర్వరుదే."

భోజనాల వేళకు మరో తొమ్మిది ఓడలు వచ్చాయి. కళ్ళజోళ్ళ షాపులో పనిచేసే వైరమ్మ భర్త నెమ్మదస్తుడు. మొదటి నాలుగు కూతలకూ ఏమీ అనలేదు. అయిదో కూతకు చేతిలోని గ్లాసు కంచంలో బోర్లా పడింది. "ఇది ఇల్లా, రేవా?" అన్నాడు నీళ్ళలో తేలుతున్న అన్నం వైపు చూస్తూ.

బుధవారం సాయంత్రానికి వచ్చిన కబుర్లు నూట నలభై ఆరు. వాటిలో ఒక్కదానికీ వైరమ్మ చేయగలిగింది, చేయవలసింది ఏమీ లేదు. తెల్లారి లేచేసరికి ఆమె తల ప్రాణం తోకకొచ్చింది. గురువారం ఆఫీసుకు రాగానే ఫోను నోరు నొక్కేసి, బల్ల సొరుగులో అడుగున స్టేప్లరు కింద పెట్టి, పై అంతస్తులో వైరు లాగే పనికి వెళ్ళిపోయింది.

సరిగ్గా ఆ రోజే రిపోర్టులు చూపించే పేజీ పదకొండింటికి ఆగిపోయింది. బల్ల కింది పాత కంప్యూటరు తన ధర్మం తప్పలేదు. నిమిషానికొకటి చొప్పున ఇరవై అయిదు కబుర్లు సొరుగులోకి పంపింది. స్టేప్లరు తప్ప వాటిని అందుకున్నవాళ్ళు లేరు. ఈసారి కూడా సంగతి బయటపెట్టింది పేషెంటు తాలూకు మనిషే. ఒక గర్భిణి భర్త, కౌంటరు ముందు నిలబడి, "ఇది మొన్న కూడా ఆగిందటగా?" అని హాలంతటికీ వినపడేలా అడిగాడు.

వైరమ్మ పరుగున వచ్చి పేజీని లేపింది. డాక్టరమ్మ తన గది గుమ్మంలోకి వచ్చి నిలబడింది. ఊరికే చూసింది. తిట్టి ఉంటే బాగుండునని వైరమ్మకు అనిపించింది.

ఆ సాయంత్రం ఆమె మొహం చూసి అత్తగారు మంచినీళ్ళు తెచ్చి ఎదురుగా కూర్చుంది. వైరమ్మ జరిగిందంతా చెప్పి, "అన్నీ పెట్టానత్తయ్యా. ఒక్కటి కూడా వదల్లేదు. అయినా చూడండి" అంది.

"అన్నీ పెట్టావు కాబట్టే ఇలా అయింది" అంది అత్తగారు. "మా వార్డులోకి మొదటిసారి మంచానికో మిషను తెచ్చిపెట్టినప్పుడు ఇదే గోల. పన్నెండు మంచాలు, పన్నెండు మిషన్లు. పేషెంటు దగ్గితే మోత, పక్కకు తిరిగితే మోత. మొదటి వారం ప్రతి మోతకీ పరిగెత్తాం. రెండో వారం నడిచి వెళ్ళాం. మూడో వారం తల కూడా తిప్పలేదు. ఒకరోజు అయిదో మంచం ఆయన నిజంగానే అవస్థ పడుతున్నాడు. మిషను మొత్తుకుంటోంది. మాకెవరికీ చెవికెక్కలేదు. చివరికి పక్క మంచం ఆయన స్టీలు పళ్ళెం విసిరి మమ్మల్ని పిలిచాడు."

"అయ్యో! బతికాడా అత్తయ్యా?"

"శుభ్రంగా బతికాడు. పళ్ళెం తగిలి కాంపౌండరుకి రెండు కుట్లు పడ్డాయి."

వైరమ్మకు రెండు రోజుల తర్వాత మొదటిసారి నవ్వొచ్చింది.

"ఆ మర్నాడు పెద్ద డాక్టరుగారూ నేనూ కూర్చుని ఒక్కో మోతకూ ఒకే ప్రశ్న వేసుకున్నాం. ఇది మోగితే లేచి ఏం చేస్తాం? చేసేదేం లేకపోతే మోగడం ఎందుకు? పుస్తకం పట్రా."

వైరమ్మ నోటు పుస్తకంలో ముప్ఫై ఎనిమిదీ వరసగా రాసింది. అత్తగారు ఎర్ర పెన్ను పట్టుకుని పరీక్ష పేపరు దిద్దే పంతులమ్మలా ఠీవిగా కూర్చుంది.

"ప్రాసెసరు యాభై దాటింది" అని చదివింది వైరమ్మ.

"ఏం చేస్తావ్?"

"చూస్తాను."

"చూసి?"

"మళ్ళీ వచ్చి కూర్చుంటాను."

"కొట్టెయ్. తర్వాత?"

"సర్వరులోకి ఎవరో ప్రవేశించారు."

"ఇది పనికొచ్చేదే. ఎవరు ప్రవేశిస్తారు?"

"నేనే అత్తయ్యా. లోపలికి వెళ్ళేది నేనొక్కదాన్నే. వెళ్ళినప్పుడల్లా నేను వెళ్ళానని నాకు చెబుతుంది."

అత్తగారు పెన్ను కోడలి వైపు జరిపింది. వైరమ్మ తనే కొట్టేసింది.

"తర్వాతది, ఏ సమస్యా లేదు."

"అదేంటి?"

"ఏ సమస్యా లేకపోతే, లేదని గంటకోసారి మోగుతుంది."

"ముందు దాన్ని కొట్టెయ్, పేజీ చిరిగినా పర్లేదు" అంది అత్తగారు. అప్పుడే లోపలికొచ్చిన కొడుకు "నా కళ్ళజోడు ఎక్కడమ్మా?" అని అరిచాడు. "రోజుకు నాలుగుసార్లు మోగుతాడు, నెత్తి మీదే ఉంటుంది. వీణ్ణి కూడా ఈ పుస్తకంలో రాయి, కొట్టేస్తాను" అందావిడ.

గంటన్నర గడిచేసరికి అయిదు మిగిలాయి. రిపోర్టుల పేజీ తెరుచుకోకపోవడం ఒకటి. డిస్కు ఎనభై శాతం దాటడం ఇంకొకటి. సర్వరులో జంటగా ఉండే రెండు డిస్కుల్లో ఏదో ఒకటి చెడిపోవడం. సర్వరులోని సమాచారానికి రోజువారీ నకలు తీయకపోవడం. లోపలి వేడి హద్దు దాటడం. ఒక్కోదాని పక్కన అది మోగితే ఏం చేయాలో అత్తగారు కోడలి చేత రాయించింది. "తెలుసు" అంటే ఒప్పుకోలేదు. "కంగారులో తెలిసినవే మర్చిపోతాం. రాయి."

పుస్తకం మూస్తూ ఇంకో రెండు మాటలు చెప్పింది. "ఒక్కసారి కొలిచి జ్వరం అనకు. రెండు మూడు నిమిషాలు వరసగా చూసి అప్పుడు మోగమను. ఇంకోటి, అసలు ఇది మోగుతుందని నీకేం తెలుసు?"

"పెట్టాను కదా అత్తయ్యా, మోగుతుంది."

"పెడితే సరిపోదమ్మాయ్. మోగించి చూడు."

శుక్రవారం పొద్దున ఏడింటికి, పేషెంట్లు రాకముందే, వైరమ్మ డాక్టరమ్మను పిలిచి ఆవిడ ఎదురుగానే రిపోర్టుల పేజీని కావాలని ఆపింది. ఇద్దరూ ఫోనును బల్ల మీద పెట్టుకుని దాని వైపే చూస్తూ కూర్చున్నారు. ఒక నిమిషం. రెండు నిమిషాలు. మూడో నిమిషం నిండగానే ఓడ కూసింది. డాక్టరమ్మ ఉలిక్కిపడి కుర్చీలోంచి అరంగుళం లేచి, ఆ తర్వాత తల ఊపింది. "బాగుంది. ఆ కూత మాత్రం మార్చు" అంది.

అక్కడితో కథ సుఖంగా ముగిసేదే, మధ్యలో మేనేజరు లేకపోతే.

మేనేజరుకు గ్రాఫులంటే పిచ్చి ప్రేమ. వైరమ్మ కొలతలన్నీ గీతలుగా కూడా కనిపిస్తాయని తెలియగానే రిసెప్షను వెనక గోడకు ఉన్న పెద్ద తెరలో అవే పెట్టించాడు. కొండలూ లోయలుగా కదిలే ఆకుపచ్చ గీతలను చూపించి, వద్దన్నా వినకుండా పేషెంట్లకు వివరించేవాడు. ఒకావిడ అది తన గుండె తాలూకు గ్రాఫనుకుని కంగారుపడితే, కూర్చోబెట్టి మజ్జిగ ఇవ్వాల్సి వచ్చింది.

రెండో వారం బుధవారం, మధ్యాహ్నం ఒంటిగంటా నలభై అయిదుకు వేడి అలారం మోగింది. వైరమ్మ తింటున్న డబ్బా మూసేసి, చేయి కడుక్కుని, పుస్తకంలో రాసుకున్న ప్రకారం ముందు బయట కరెంటు మీటలు చూసి, ఆ తర్వాత సర్వరు గదికి వెళ్ళింది. తలుపు తీసేసరికి గది చల్లగానే ఉంది. ఏసీ హాయిగా తిరుగుతోంది. గురువారం అదే వేళకు మళ్ళీ మోగింది. మళ్ళీ ఆమె వెళ్ళేసరికి అంతా సవ్యంగానే ఉంది.

సాయంత్రం వారం రోజుల గీత తీసి చూసింది. ప్రతిరోజూ ఒంటిగంటా పదికి వేడి పెరగడం మొదలై, రెండింటికి పది నిమిషాల ముందు దిగడం మొదలవుతోంది. రోజుకో గుట్ట. సెలవురోజైన ఆదివారం మాత్రం నేల చదునుగా ఉంది.

ఆ గీతను ఫోనులో చూసి అత్తగారు పెదవి విరిచింది. "మధ్యాహ్నపు జ్వరం. గడియారం పెట్టుకుని వచ్చి, ఆదివారం సెలవు తీసుకునే జ్వరాన్ని నా సర్వీసులో చూడలేదు. ఇది రోగం కాదమ్మాయ్, ఎవరో మనిషి."

గీత చూసి, ఎవరో ఏసీ ఆపుతున్నారని మేనేజరు కూడా పట్టేశాడు, కాకపోతే ఆయన ఒంటికాలి మీద లేచాడు. శుక్రవారం పొద్దున్నే సర్క్యులరు తిరిగింది. "సర్వరు గది యందలి ఏసీని అనుమతి లేక నిలుపుదల చేయుట తీవ్రమైన క్రమశిక్షణారాహిత్యముగా పరిగణింపబడును" అని. చదివినట్టుగా పద్నాలుగు మంది సంతకాలు పెట్టారు. ఆ మధ్యాహ్నం గుట్ట ఎప్పటిలాగే, నిన్నటికంటే కొంచెం నున్నగా లేచింది.

మేనేజరుకు అది సొంత అవమానంలా తోచింది. గ్రాఫు కాగితం మీద తీయించుకుని ఒక్కొక్కరి దగ్గరకీ వెళ్ళి విచారణ మొదలుపెట్టాడు.

"ఒంటిగంటా పదికి మీరెక్కడున్నారు?" అని రిసెప్షనిస్టును అడిగాడు.

"భోంచేస్తున్నానండీ."

"సాక్షి ఎవరు?"

"నా డబ్బా."

మూడింటికి ఆయన వైరమ్మ బల్ల దగ్గరకు వచ్చి, గొంతు తగ్గించి, "వైరమ్మగారూ, ఈ పద్ధతి బ్రహ్మాండంగా ఉంది. మనుషులకు కూడా పెట్టలేమా? ఎవరు ఎప్పుడు కుర్చీలోంచి లేస్తున్నారు, ఎంతసేపటికి తిరిగొస్తున్నారు? గీతలుగా వస్తే బాగుంటుంది" అన్నాడు.

ఆయన వెళ్ళాక చూస్తే, పక్క బల్లల వాళ్ళు మాటలు ఆపేసి ఆమె వైపే చూస్తున్నారు. టీ తాగే దగ్గర ఎవరో, "ఇన్నాళ్ళకు పేరు సార్థకమైంది, నిజంగానే అందరితో వైరం పెట్టింది" అనడం ఆమె చెవిన పడింది. పదకొండేళ్ళుగా ఆ పేరుతో పిలిపించుకుంటున్నా ఎప్పుడూ నొచ్చుకోని మనిషి, ఆ రోజు ఇంటికి వెళ్ళే దారంతా కళ్ళు తుడుచుకుంటూనే ఉంది.

"నేను పెట్టింది సర్వరు కోసం అత్తయ్యా" అంది ఇంటికి రాగానే. "మనుషుల వెంటపడటానికి కాదు."

"మేమూ చార్టులో జ్వరం రాసేవాళ్ళం, నాడి రాసేవాళ్ళం" అంది అత్తగారు. "పేషెంటును చూడటానికి ఎవరొచ్చారు, ఎంతసేపు చేయి పట్టుకుని కూర్చున్నారు, అవి రాయలేదు. అది మా పని కాదు. ఆ మాట మీ మేనేజరుతో నువ్వే చెప్పాలి. కానీ ముందు మంచం దగ్గరికి వెళ్ళు. గీత చూసి ఊహించుకోవడం కాదు, ఆ వేళకు ఆ గదిలో నిలబడి కళ్ళతో చూడు. రెండు రోజులూ మోగాక వెళ్ళావు. మోగకముందే వెళ్ళు."

శనివారం ఒంటిగంటా పదిహేనుకు వైరమ్మ సర్వరు గది తలుపు చప్పుడు కాకుండా తీసింది.

ఏసీ ఆగి ఉంది. సర్వరు బీరువా పక్కన రెండు స్టూళ్ళు దగ్గరగా జరిపి, తెల్ల కోటు మెడదాకా కప్పుకుని, బీరువా జాలీ తలుపుకు చెంప ఆనించి, డాక్టరమ్మ గాఢంగా నిద్రపోతోంది. పిడికెడు మనిషి, గురక మాత్రం గంపెడు. సర్వరు ఫ్యాన్లతో శృతి కలిపి మరీ సాగుతోంది.

వైరమ్మ అడుగులో అడుగు వేసుకుంటూ బయటికొచ్చి తలుపు దగ్గరగా వేసింది. వెనక్కి తిరిగేసరికి ఎదురుగా మేనేజరు, ఆయన వెనక సాక్ష్యం కోసం తెచ్చుకున్న రిసెప్షనిస్టు, ఇద్దరు టెక్నీషియన్లు.

"ఉన్నాడా?" అన్నాడు మేనేజరు గుసగుసగా.

"ఎవరూ లేరండీ."

"మరి ఆ గురక?"

"ఫ్యానండీ."

"ఫ్యాను గురక పెడుతుందా?"

"దుమ్ము పడితే పెడుతుందండీ. సాయంత్రం దులుపుతాను."

మేనేజరు తలుపుకు చెవి ఆనించాడు. లోపల ఫ్యాను ఒక్కసారిగా ఊపిరి బిగబట్టి, రెండుసార్లు నోరు చప్పరించి, "అబ్బా" అంది.

రిసెప్షనిస్టు చేత్తో నోరు మూసుకుంది. మేనేజరు తలుపు తోయబోయేంతలో అది దానంతటదే తెరుచుకుంది. గుమ్మంలో డాక్టరమ్మ నిలబడింది. కుడి చెంప మీద బీరువా జాలీ అచ్చు, గళ్ళు గళ్ళుగా, లెక్కపెట్టుకునేంత స్పష్టంగా పడి ఉంది.

చివరికి మేనేజరే తేరుకుని, "మేడమ్... మీరు కూడా పట్టుకోవడానికే వచ్చారా?" అన్నాడు.

డాక్టరమ్మ ఒకసారి ఆయన చేతిలోని గ్రాఫును, ఒకసారి వెనకున్న జనాన్ని, ఒకసారి వైరమ్మను చూసింది. సూక్ష్మక్రిములనే కనిపెట్టే మనిషికి ఇది అర్థం కావడానికి ఎంతసేపు పడుతుంది?

"పట్టుకున్నారుగా, ఇంకేం" అంది.

"సర్క్యులరులో... మొదటి సంతకం మీదే మేడమ్."

"చదవలేదు. పొద్దున్నించి సాయంత్రం దాకా సంతకాలే కదా." ఆవిడ చెంప రుద్దుకుంది. గళ్ళు పోలేదు. "నాలుగున్నరకు లేచి వస్తాను. మధ్యాహ్నానికి స్లైడ్లు రెండేసి కనిపిస్తాయి. ఇంట్లో గడియారం టిక్కుమన్నా నిద్ర పట్టదు, ఈ చప్పుడు వింటే మాత్రం ఇట్టే పడుతుంది. ఏసీకి చలేస్తుందని ఆపుతున్నాను. నలభై నిమిషాలకు ఏమవుతుందిలే అనుకున్నాను." వైరమ్మ వైపు తిరిగింది. "ఏమవుతుంది?"

అందరూ వైరమ్మ మొహం చూశారు. "ఏమీ కాదు మేడమ్" అనేస్తే ఆ పూటకు గండం గడిచేది. కానీ ఆమెకు సర్వరు ఆగిన సోమవారం నాటి హాలు గుర్తొచ్చింది.

"ఇప్పటికి ఏమీ కాలేదు మేడమ్. ఎండలు ముదిరితే డిస్కులు పోతాయి. మీరైనా సరే, ఇక్కడ ఏసీ ఆపితే నేను ఒప్పుకోను" అంది. ఎలాగూ నోరు తెరిచాను కదా అని రెండో మాట కూడా అనేసింది. "ఇంకోటి మేడమ్. ఈ గీతలు సర్వరు కోసం పెట్టినవి. వీటితో మనుషుల్ని పట్టుకోమంటే మాత్రం, నాకు వేరే పని ఇవ్వండి."

డాక్టరమ్మ ఉన్నట్టుండి పకపకా నవ్వింది. ఆ ల్యాబ్‌లో ఆ నవ్వు విన్నవాళ్ళు అప్పటికి ఎవరూ లేరు. ముందు భయపడి, తర్వాత మెల్లగా ఒక్కొక్కరూ కలిశారు. మేనేజరు ఆఖరున.

"సరే, నేనెక్కడ పడుకోవాలో కూడా నువ్వే చెప్పు" అంది డాక్టరమ్మ.

ఈసీజీ గదిలో మధ్యాహ్నం పూట మంచం ఖాళీగానే ఉంటుంది. చప్పుడు కావాలంటే అదీ కష్టం కాదు. ఆ సాయంత్రమే వైరమ్మ సర్వరు పక్కన ఫోను పెట్టి నలభై నిమిషాల ఫ్యాన్ల హోరు రికార్డు చేసి డాక్టరమ్మకు పంపింది. సోమవారం నుంచి గుట్టలు మాయమయ్యాయి. గోడ మీది తెరలో గీతలు తీసేసి టోకెను నంబర్లు పెట్టారు. మేనేజరు రెండు రోజులు ముభావంగా ఉండి, తన గదిలో పెట్టుకోవడానికి ఒక్క గీత, చిన్నదైనా సరే ఇమ్మని బతిమాలాడు. డిస్కు ఎంత నిండిందో చూపించే గీతను వైరమ్మ ఇచ్చింది. అది నెలకు ఒక వెంట్రుకవాసి పెరుగుతుంది. ఆయన దాన్ని రోజూ చూసుకుంటాడు. ఇక టీ తాగే దగ్గర జనం, వైరమ్మ కనిపించినప్పుడల్లా, "ఫ్యానుకు దుమ్ము దులిపారా?" అని ఎంతో వినయంగా అడుగుతారు.

రెండు నెలల తర్వాత ఒక మంగళవారం, హాలు కిటకిటలాడుతున్న వేళ, ఉదయం పదింబావుకు ఫోను మోగింది. డాక్టరమ్మ మాట ప్రకారం ఇప్పుడది ఓడ కాదు, సైకిలు గంట. జంట డిస్కుల్లో ఒకటి చెడిపోతోందని కబురు. వైరమ్మ కంగారుపడలేదు. పుస్తకం తీసి, ఆ పేజీలో రాసుకున్న నాలుగు పంక్తులూ పైకి చదువుకుని, బీరువాలో సిద్ధంగా ఉంచిన కొత్త డిస్కు పట్టుకెళ్ళి మార్చింది. మిగిలిన డిస్కులోంచి కొత్తదాంట్లోకి అంతా తిరిగి రాసుకోవడం మొదలైంది. రిపోర్టుల పేజీ ఒక్క క్షణం కూడా ఆగలేదు. స్టిక్కర్లు వస్తూనే ఉన్నాయి.

పాడైన డిస్కు చేత్తో పట్టుకుని ఆమె హాల్లోంచి వస్తుంటే, మూల కూర్చున్న ఒక ముసలావిడ కొంగు పట్టుకుని ఆపింది.

"అమ్మాయ్, నువ్వు ఇక్కడ పనిచేస్తావా?"

"చేస్తానండీ. ఏమైంది?"

"ఈ కుర్చీలేంటమ్మా, రాళ్ళలా ఉన్నాయి? మీ డాక్టరమ్మను ఒక్కసారి వచ్చి కూర్చోమను, తెలుస్తుంది."

"ఇంకేమైనా ఇబ్బంది ఉందాండీ? రిపోర్టులు, అవీ..."

"రిపోర్టుకేం, నిన్ననే వచ్చింది. నాకు కుర్చీతోనే తంటా."

వైరమ్మ నేరుగా డాక్టరమ్మ గదికి వెళ్ళింది. ఆవిడ మైక్రోస్కోపు మీద నుంచి తలెత్తకుండానే, "ఏంటి, ఏమైనా ఆగిందా?" అంది.

"లేదు మేడమ్. హాల్లో కుర్చీలు గట్టిగా ఉన్నాయట."

"అంతేనా?"

"అంతే మేడమ్."

డాక్టరమ్మ కన్ను తీసి, ఆమె చేతిలోని డిస్కు వైపు చూసి, ఆ తర్వాత మొహం వైపు చూసింది. "దిండ్లు తెప్పిద్దాం. ఎన్ని కావాలో లెక్కపెట్టు" అంది.

వైరమ్మ డిస్కును సంచిలో వేసుకుని, కుర్చీలు లెక్కపెట్టడానికి హాల్లోకి వెళ్ళింది.